సగం కోసేసిన చేప కాదు: సన్‌ఫిష్ ఒళ్లు ఇలా ఎందుకుంది, లోతు వదిలి పైకెందుకొస్తుంది

క్లుప్తంగా: సన్‌ఫిష్ నీటిపైన పక్కకి ఒరిగి తేలుతూ కనిపిస్తుంది కాబట్టి బద్ధకపు చేప అనుకుంటారు. నిజానికి అది వందల మీటర్ల లోతుకి దిగి వేటాడి, చల్లబడ్డ ఒళ్లు కాచుకోడానికి పైకొస్తుంది. తోక లేకపోవడం, గాలి తిత్తి లేకపోవడం, చర్మం కింద జిగురు పొర ఉండటం అన్నీ ఆ రాకపోకలకి సరిపోయే ఏర్పాట్లే. గోదావరి మొగల (పాయలు సముద్రంలో కలిసే చోట్ల) ఎదుట సముద్రం తొందరగా లోతెక్కుతుంది గనక లోతు నీళ్లకి వెళ్లే బోట్లకి ఇది అప్పుడప్పుడూ తగులుతుంది. బజార్లో దీనికి పెద్దగా ధర లేదు, తినడం మంచిది కాదు, బతికుంటే వదిలేస్తే సరిపోతుంది.

కాకినాడ నుంచి అంతర్వేది దాకా ఏ రేవులోనైనా ఓ బోటు వింత చేపతో వచ్చిందంటే, ఐసు పెట్టెలు దిగేలోపే ఫొటో వాట్సాప్‌లో తిరిగేస్తుంది. ఆ వింత చేప సన్‌ఫిష్ అయితే హడావుడి ఇంకాస్త ఎక్కువ. వెనక సగం ఎవరో కత్తిపెట్టి కోసేసినట్టు అర్ధాంతరంగా ఆగిపోయిన ఒళ్లు, పైకొకటి కిందికొకటి నిలువుగా పొడుచుకొచ్చిన రెక్కలు, అంత ఒంటికి ఏమాత్రం సరిపోని చిన్న నోరు. ఫొటో కింద మాటలు మూడు దారులు పడతాయి. లక్షలు పలుకుతుందని కొందరు, సునామీకి సూచన అని కొందరు, ఈదడం కూడా చేతకాని పనికిమాలిన చేప అని ఇంకొందరు. బ్రహ్మంగారిని మధ్యలోకి లాగేవాళ్లు ఎలాగూ ఉంటారు.

సునామీ సంగతి ఒక్క మాటలో తేల్చేయొచ్చు: సన్‌ఫిష్ కనపడటానికీ భూకంపాలకీ సంబంధం ఉందనడానికి ఏ ఆధారమూ లేదు. మిగతా రెండు మాటలకి మాత్రం కాస్త వివరం కావాలి, ఎందుకంటే అవి పుట్టిందే ఈ చేప ఒంటి తీరులోంచి. పైగా మనిషి కంట పడేసరికి ఇది పని ముగించుకుని పైకొచ్చి ఉంటుంది. దాని బతుకుతెరువు చాలావరకు కింద, మన కళ్లకి అందని చోట నడుస్తుంది.

తోక ఏమైంది?

సన్‌ఫిష్‌లది టెట్రాడాంటిఫార్మిస్ అనే వర్గం. పేరు నోరు తిరగకపోయినా అందులోని చేపలు డెల్టా జాలర్లకి కొత్తవేం కావు. వలలోంచి తీయగానే గుటకలేసి ఉబ్బిపోయే పఫర్ చేపలు, ఒంటినిండా ముళ్లుండే పోర్క్యుపైన్ చేపలు, గట్టి పెంకులాంటి ఒళ్లున్న బాక్స్ ఫిష్‌లు, అన్నీ ఆ బంధువర్గమే. పళ్లు విడివిడిగా లేకుండా పైన ఒక పలక, కింద ఒక పలకగా అతుక్కుపోయి ఉండటం సన్‌ఫిష్‌లోనూ చూడొచ్చు. 2016లో దీని జన్యుపటాన్ని పూర్తిగా చదివిన శాస్త్రవేత్తలు, పఫర్ చేపల నుంచి ఈ శాఖ సుమారు 6.8 కోట్ల ఏళ్ల కిందట విడిపోయిందని అంచనా వేశారు. ఎదుగుదలని నడిపించే జన్యువుల్లో మార్పులు వేగంగా జరిగిన గుర్తులు కూడా అందులో దొరికాయి. ఆ ఎదుగుదల ఏ స్థాయిదో తర్వాత చూద్దాం.

తోక మాటకొస్తే, అది తెగిపోయిందీ లేదు, అరిగిపోయిందీ లేదు. గుడ్డులోంచి వచ్చిన పిల్లకి తోకలాంటి పొర ఒకటి ఉంటుంది. పెరిగేకొద్దీ అది పోతుంది, ఆ ఖాళీలోకి వీపు రెక్క పుల్లలు పైనుంచి, కింది రెక్క పుల్లలు కిందినుంచి జరిగొచ్చి కలిసి ఒక అంచుగా తయారవుతాయి. దీన్ని క్లేవస్ అంటారు. ముందుకి తోసే పని దీనిది కాదు, దిక్కు మార్చడానికి చుక్కానిగా పనికొస్తుంది. లోపల వెన్నెముక కూడా బాగా కురచ, 16 నుంచి 18 పూసలు మాత్రమే. పక్కటెముకలు లేవు, పొట్ట రెక్కలు లేవు, అస్థిపంజరంలో చాలా భాగం మెత్తటి మృదులాస్థి. ముళ్లు ఏరుకుంటూ పులస తినే ఊళ్లకి ఇదొక విచిత్రమే.

మరి తోక లేకుండా ఎలా ఈదుతుంది? మామూలు చేప ఒళ్లు, తోక పక్కలకి ఊపి ముందుకెళ్తుంది. సన్‌ఫిష్ వీపు మీది పొడుగు రెక్కనీ, కింది పొడుగు రెక్కనీ ఒకేసారి ఒకే వైపుకి కొడుతుంది, మళ్లీ రెండూ కలిసి రెండో వైపుకి. పక్షి రెండు రెక్కలూ ఆడించడాన్ని పక్కకి తిప్పి ఊహించుకుంటే దాదాపు ఇదే. ఆ రెండు రెక్కలూ పుట్టుకలో వేర్వేరు భాగాలైనా, పని పంచుకునేలా వైశాల్యంలో సమానంగా తయారయ్యాయి. 2008లో వతానబే, సాతో అనే జపాన్ పరిశోధకులు ఈ చేపలకి పరికరాలు కట్టి వదిలి కొలిస్తే సెకనుకి 0.4 నుంచి 0.7 మీటర్ల వేగం తేలింది. అంటే గంటకి ఒకటిన్నర నుంచి రెండున్నర కిలోమీటర్లు. వినడానికి తక్కువే. కానీ సాల్మన్, మార్లిన్, పెద్ద సొరచేపలు వేటలో లేనప్పుడు తీరిగ్గా ప్రయాణించే వేగానికి ఇది పోల్చదగ్గదే. కాలిఫోర్నియా దగ్గర వెంబడించి చూసిన సన్‌ఫిష్‌లు రోజుకి సగటున 26 కిలోమీటర్ల దాకా తిరిగాయి. ఆటుపోటుకి కొట్టుకుపోతూ తిరిగే చేప అన్న పాత అభిప్రాయం అక్కడితో చెల్లిపోయింది.

కచిడికి ఉన్నది, దీనికి లేనిది

లక్షలు పలుకుతుందన్న ఆశ ఊరికే పుట్టలేదు. అంతర్వేది, ఉప్పాడ, కాకినాడ వైపు కచిడి చేప పడితే లక్షల్లో వేలం వెళ్లిన వార్తలు దాదాపు ఏటా వస్తూనే ఉంటాయి, దాంతో పెద్దగా వింతగా కనపడ్డ ప్రతి చేపనీ జనం ఆ కళ్లతోనే చూస్తారు. అయితే కచిడికి ఆ ధర కండని బట్టి వచ్చింది కాదు. పొట్టలో ఉండే గాలి తిత్తికి, అందులోనూ మగ చేప తిత్తికి, విదేశాల్లో ఉన్న గిరాకీ అది. ఎదిగిన సన్‌ఫిష్‌లో ఆ తిత్తే ఉండదు. చేప ఎంత పెద్దదైనా వ్యాపారి చూసేది అందులో లేనప్పుడు వేలం పాట మొదలయ్యే అవకాశమే తక్కువ.

తిత్తి లేకపోవడం లోపమా అంటే, దీని బతుకుని బట్టి చూస్తే అదే దీని బలం. గాలి తిత్తి ఉన్న చేప అందులోని గాలిని పెంచుతూ తగ్గిస్తూ తన లోతు దగ్గర మునగకుండా తేలకుండా నిలబడుతుంది. చిక్కేమిటంటే గాలి నలుగుతుంది. నీటిలో ప్రతి 10 మీటర్లకీ ఒక వాతావరణపు ఒత్తిడి చొప్పున పెరుగుతుంది, కాబట్టి పైన ఉన్న గాలి 100 మీటర్లు దిగేసరికి పదకొండో వంతుకి కుదించుకుపోతుంది. పైకి వస్తే అంతకంతా ఉబ్బుతుంది. లోతు నుంచి గేలంతో గబగబా లాగిన చేప నోట్లోంచి పొట్ట బయటికి పొడుచుకు రావడం వేటకెళ్లేవాళ్లు చూసే ఉంటారు, లోపల తిత్తి ఉబ్బి పొట్టని నెట్టేయడమే దానికి కారణం. అలాంటి చేప ఒకే రోజులో పైకీ కిందికీ పదిసార్లు తిరగాలంటే చచ్చే చావు.

సన్‌ఫిష్ ఆ గాలి లెక్కే లేకుండా చేసుకుంది. దీని చర్మం కింద తెల్లగా, జిగురుగా, గట్టిగా ఒక పొర ఉంటుంది, చేతికి తాటి ముంజ తగిలినట్టే ఉంటుంది. అందులో ఎక్కువ భాగం నీరే అయినా సముద్రపు నీటికంటే కాస్త తేలిక, పైగా ఒత్తిడికి నలగదు. పైన ఎంత తేలికో 300 మీటర్ల కింద కూడా అంతే తేలిక. కాబట్టి ఎంత వేగంగా దిగినా ఎంత వేగంగా ఎక్కినా ఒంట్లో సర్దుకోవలసింది ఏమీ లేదు. పెద్ద చేపల్లో చర్మం, ఈ పొర కలిపి కొన్నిచోట్ల 7 సెంటీమీటర్ల మందం దాకా ఉంటాయి. పైన జిగట, దాని కింద సన్నటి గరుకు పలుకులు. తోక వైపు నుంచి తల వైపుకి అరచెయ్యి రాస్తే గీరుకుపోతుంది. మామూలు కత్తి మొదటి వేటుకి లోపలికి దిగదు.

ఎండ కాచుకోవడం వెనక లెక్క

చాలాకాలం పుస్తకాల్లో రాసుకున్నది ఒక్కటే: సన్‌ఫిష్ జెల్లీఫిష్ తింటుంది. అది పూర్తి నిజం కాదని ఈ పదిహేనేళ్ల పరిశోధనల్లో తేలింది. మీటరు లోపు చిన్న చేపలు తీరానికి దగ్గర్లో, అడుగుభాగంలో తిరిగే రొయ్యజాతి జీవులు, నత్తగుల్లల జాతులు, చిన్న చేపల మీద ఎక్కువగా ఆధారపడతాయి. పెరిగేకొద్దీ నడిసముద్రానికి మారి జెల్లీఫిష్‌ల వైపు, వాటి తరహాలోనే మెత్తగా పొడుగ్గా గొలుసుల్లా సాగే సైఫనోఫోర్‌ల వైపు మళ్లుతాయి.

ఇక్కడే ఒక ప్రశ్న వస్తుంది. జెల్లీఫిష్‌లో 95 శాతం దాకా నీరే. ఆంధ్ర తీరంలో కొన్ని రకాల జెల్లీఫిష్‌లని ఉప్పుపెట్టి ఆరబెట్టి ఎగుమతి చేస్తారు, ఎన్ని బుట్టల సరుకు ఆరాక ఎంత మిగులుతుందో ఆ పనిలో ఉన్నవాళ్లకి తెలుసు. అలాంటి తిండి తిని ఒక చేప టన్నుల బరువు ఎలా పెరుగుతుంది? జపాన్ తీరంలో నకమురా బృందం చేపలకి కెమెరాలు, ఉష్ణోగ్రత కొలిచే పరికరాలు కట్టి 2015లో ఇచ్చిన వివరాల్లో దీనికి సగం జవాబు ఉంది. ఒకటి, చేప దొరికిందంతా మింగెయ్యడం లేదు. పెద్ద జెల్లీఫిష్ దొరికితే గొడుగు భాగం వదిలేసి, పోషకం ఎక్కువున్న బీజకోశాలు, నోటి చుట్టూ ఉండే చేతులు ఏరుకుని తింటోంది. రెండు, పగటిపూట మళ్లీమళ్లీ 100 నుంచి 200 మీటర్ల లోతుకి దిగి, అక్కడ గుంపులుగా ఉండే సైఫనోఫోర్‌ల మీద పడుతోంది. ఎదురుచూస్తూ తేలే చేప పద్ధతి కాదిది, మేత ఎక్కడుందో అక్కడికి పోయి తెచ్చుకునే చేప పద్ధతి.

అలా దిగినందుకు కట్టాల్సిన మూల్యం చలి. చాలా చేపల్లాగే ఇదీ ఒంటి వేడిని తయారుచేసుకునే జీవి కాదు, చుట్టూ నీరు చల్లగా ఉంటే ఒళ్లూ చల్లబడుతుంది, కండరాలు మందగిస్తాయి, అరుగుదల నెమ్మదిస్తుంది. కాబట్టి కొంతసేపు వేటాడాక పైకొచ్చి వెచ్చటి నీళ్లలో ఉండి ఒంటి వేడిని తిరిగి తెచ్చుకోవాలి, మళ్లీ దిగాలి. పెద్ద ఒళ్లు ఇక్కడ లాభిస్తుంది, ఎందుకంటే ఎంత పెద్దదైతే అంత నెమ్మదిగా చల్లారుతుంది. ఇంకో విశేషం, చల్లారే వేగం కంటే వేడెక్కే వేగం కొన్ని రెట్లు ఎక్కువని అదే పరిశీలనలో కనపడింది. రక్తప్రసరణని అవసరాన్ని బట్టి మార్చుకోవడం వల్ల ఇలా జరుగుతుందని భావిస్తున్నారు. మనం బోటులోంచి చూసి ‘పడుకుంది’ అనుకునే సమయం ఈ లెక్కలో ఒక వంతు.

రోజువారీ దిగుడు 200 మీటర్ల దగ్గరే ఆగిపోతుందని కాదు. గలపాగోస్ దీవుల దగ్గర పరికరం కట్టిన సన్‌ఫిష్ ఒకటి 1,100 మీటర్లు దాటి దిగిన రికార్డుంది.

పైకి రావడానికి రెండో కారణం పురుగులు. సన్‌ఫిష్ ఒంటి మీదా లోపలా 40 రకాలకి పైగా పరాన్నజీవుల్ని గుర్తించారు. మొప్పల్లో, చర్మంలోకి తల దూర్చి దారాల్లా వేలాడేవి, పేగుల్లో ఉండేవి, ఇలా ఒళ్లంతా వాటి కాపురమే. పసిఫిక్‌లో అల్బట్రాస్ పక్షులు తేలుతున్న సన్‌ఫిష్‌ల పక్కన వాలి చర్మం మీది పురుగుల్ని పొడుచుకు తినడాన్ని పరిశోధకులు ఫొటోలతో సహా నమోదు చేశారు. కొన్నిచోట్ల చిన్న చేపలు ఈ శుభ్రం చేసే పని చేస్తాయి. అప్పుడప్పుడూ ఇంత భారీ చేప నీళ్లలోంచి పైకెగిరి దబ్బున పడటం కూడా పురుగుల బాధ వదిలించుకోడానికే అయ్యుండొచ్చని ఒక ఊహ.

గోదావరి మొగల ఎదుట ఏముంది?

డెల్టా తీరం చూడ్డానికి లోతు సముద్రానికి ఏ సంబంధం లేనట్టు ఉంటుంది. కోరింగ మడ అడవులు, హోప్ ఐలాండ్ ఇసుక, కాకినాడ బేలో నడుము లోతు బురద. యానాం దిగువన గౌతమి, అంతర్వేది దగ్గర వశిష్ఠ తెచ్చి పోసే ఒండ్రుతో నీళ్లు ఎప్పుడూ మట్టి రంగే. కానీ ఆ మెరక తీరానికి దూరంగా ఎక్కువసేపు కొనసాగదు. ముంబై దగ్గర సముద్రపు అడుగు మెల్లగా వాలుతూ లోతు అంచు చేరడానికి 200 కిలోమీటర్లకి పైనే పడుతుంది. ఇక్కడ పదుల కిలోమీటర్లలోనే అడుగు జారిపోతుంది. కృష్ణా-గోదావరి బేసిన్‌లో గ్యాస్ బావులు కొన్ని 1,000 మీటర్లకి మించిన లోతులో ఉన్నాయంటే, అవి ఉన్నది అండమాన్ దగ్గర కాదు, కాకినాడకి ఎదురుగానే. తూర చేపల కోసం, కొమ్ము కోనాం కోసం గేలాలు, వలలు పట్టుకుని వెళ్లే బోట్లు ఆ అంచు దాటి వేటాడతాయి. సన్‌ఫిష్‌ తిరిగే నీళ్లూ అవే. తీరానికి అంత దగ్గరగా అంత లోతు ఉండటమే, ఈ చేప అప్పుడప్పుడైనా మన రేవుల్లో కనపడటానికి మొదటి కారణం.

రెండో విషయం బంగాళాఖాతం నీటి తీరు. గోదావరి, మహానది, గంగ, బ్రహ్మపుత్ర అన్నీ ఇందులోకే వదులుతాయి. దవళేశ్వరం గేట్లెత్తితే వచ్చే ఎర్రనీరు సముద్రంలోకి పోయి ఉప్పునీటి మీద పొరగా పరుచుకుంటుంది. తీపినీరు తేలిక కాబట్టి ఆ పొర కింది చల్లటి, పోషకాలున్న నీటితో అంత సులువుగా కలవదు, గాలి ఎంత కొట్టినా కలియబెట్టడం కష్టం. అందుకే అరేబియా సముద్రంతో పోలిస్తే బంగాళాఖాతం నడిభాగంలో మేత తక్కువ. పైన 28 నుంచి 30 డిగ్రీలుండే నీరు 200 మీటర్ల దగ్గరికెళ్లేసరికి సుమారు 15 డిగ్రీలకి పడిపోతుంది. పైగా దాదాపు 100 మీటర్ల నుంచి కిందికి కొన్ని వందల మీటర్ల దాకా ఆక్సిజన్ బాగా తక్కువున్న పొర ఒకటి అడ్డంగా ఉంది.

ఈ మూడూ కలిపి చూస్తే, జపాన్ తీరంలో దిగే చేప ఒక్క చలికే లెక్క చెప్పాలి, ఇక్కడ దిగే చేప చలికీ ఊపిరికీ రెండింటికీ చెప్పాలి. కాచుకోవడానికి మాత్రం కొరత లేదు, పైన నీరు ఏడాది పొడవునా వెచ్చనే. సన్‌ఫిష్‌ల్లోనే చల్లటి సముద్రాలంటే ఇష్టపడే మోలా మోలా అనే జాతి కంటే, వెచ్చటి నీళ్లకి అలవాటుపడ్డ మొనతోక సన్‌ఫిష్ అనే జాతికి ఇలాంటి చోటు ఎక్కువ నప్పుతుంది.

బాలితో పోల్చి చూస్తే తేడా ఇంకా బాగా తెలుస్తుంది. అక్కడ నుసా పెనిడా దీవి దగ్గర ఏటా జులై నుంచి అక్టోబరు మధ్య కిందినుంచి చల్లటి నీరు పగడపు దిబ్బల దాకా పైకి తన్నుకొస్తుంది, దాని వెంటే పెద్ద సన్‌ఫిష్‌లు వచ్చి చిన్న చేపల చేత ఒళ్లు శుభ్రం చేయించుకుంటాయి, వాటిని చూడటానికి డైవర్లు దేశదేశాల నుంచి దిగుతారు. గోదావరి మొగల దగ్గర పగడపు దిబ్బలు లేవు, బురద నీళ్లలో ఈ చేపకి పనీ లేదు. కాబట్టి తీరానికి ఆనుకుని కనపడిందంటే చాలావరకు దెబ్బతిన్నదో, నీరసించి కొట్టుకొచ్చిందో అయి ఉంటుంది.

అరుదు అనే మాటని కూడా కాస్త చూసి వాడాలి. భారత తీరాల్లో సన్‌ఫిష్‌లు పడ్డట్టు చేపల పరిశోధకుల నివేదికల్లో చాలాకాలంగా ఉంది. కానీ వలలో పడ్డ ప్రతిదీ రేవుకి రాదు. అమ్ముడుపోని చేపని ఐసు పెట్టెలో చోటిచ్చి ఎవరూ మోసుకురారు, అక్కడికక్కడే సముద్రంలోకి నెట్టేస్తారు. ఏప్రిల్ 15 నుంచి జూన్ 14 దాకా 61 రోజుల వేట నిషేధంలో మర బోట్లు కదలవు, అప్పుడు ఉన్నా చూసేవాళ్లు లేరు. రేవులో ఎన్ని కనపడ్డాయన్నది సముద్రంలో ఎన్ని ఉన్నాయన్నదానికి కొలత కాదు.

30 కోట్ల గుడ్లు, ఒక పులస

సన్‌ఫిష్ పిల్లల్ని కనే తీరు అతి. ఒకటిన్నర మీటరు కూడా లేని ఆడ చేప కడుపులో 30 కోట్ల గుడ్లున్నాయని 1921లోనే అంచనా వేశారు, ఆ అంకె ఇప్పటికీ చెప్పుకుంటారు. గోదావరికి ఎదురీదే పులస పెట్టేవి లక్షల్లో. పులస పద్ధతి వేరు: గుడ్లకి తగ్గ చోటు వెతుక్కుంటూ సముద్రం వదిలి ఎర్రనీటికి ఎదురెక్కి, ఒళ్లు కరగదీసుకుని ఒక నిర్దిష్టమైన చోట పెడుతుంది. ఆ చోటు పాడైనా, దారిలో ఆనకట్ట అడ్డం పడినా మొత్తం దెబ్బతింటుంది. సన్‌ఫిష్ ఏ చోటుకీ కట్టుబడదు, నడిసముద్రంలో వదిలేస్తుంది, ఏది బతికితే అది. గుడ్లకి కాపలా లేదు, పిల్లలకి తోడు లేదు. కోట్లలో ఒకటో రెండో బతికినా జాతి నిలబడుతుందన్న పందెం అది.

గుడ్డులోంచి వచ్చే పిల్ల రెండున్నర మిల్లీమీటర్లు. ఒంటి చుట్టూ ముళ్లు పొడుచుకుని ఉంటాయి, పఫర్, పోర్క్యుపైన్ చేపల చుట్టరికం ఈ వయసులో స్పష్టంగా కనిపిస్తుంది. పెద్ద చేపతో ఏ పోలికా లేకపోవడంతో పాతరోజుల్లో శాస్త్రవేత్తలు ఈ పిల్లల్ని వేరే జాతి అనుకుని వేరే పేర్లే పెట్టేశారు. అక్కడి నుంచి పూర్తిగా ఎదిగేసరికి బరువు సుమారు 6 కోట్ల రెట్లు పెరుగుతుంది. వెన్నెముక ఉన్న జీవుల్లో ఇంత తేడా ఇంకెక్కడా చెప్పుకోరు. కాలిఫోర్నియాలోని మాంటెరే బే అక్వేరియంలో 26 కిలోలున్నప్పుడు తెచ్చిన చేప 15 నెలల్లో 399 కిలోలకి చేరింది, అంటే రోజుకి ముప్పావు కిలో పైనే. చివరికి తొట్టిలో పట్టక హెలికాప్టర్‌లో మోసుకెళ్లి సముద్రంలో వదలాల్సి వచ్చింది. చెరువులో రొయ్యకి, చేపకి మేత లెక్కలు రాసుకునే గోదావరి జిల్లాల రైతుకి ఈ అంకె విలువ వేరే చెప్పక్కర్లేదు, కాకపోతే తొట్టిలో పెట్టింది రొయ్యలు, స్క్విడ్ లాంటి బలమైన తిండి. సముద్రంలో జెల్లీఫిష్ మీద బతికే చేప అదే వేగంతో పెరగాలనేం లేదు.

గుడ్లు ఇన్ని కాబట్టి ఎన్ని పట్టినా పర్లేదనుకోవడం తప్పు. గుడ్లు కోట్లలో ఉన్నా ఎదిగిన తల్లిచేప దాకా చేరేవి గుప్పెడు. వలలో పడి చచ్చేది ఆ గుప్పెడులోనిదే.

వలలో పడితే

మధ్యధరా సముద్రంలో కత్తిచేపల కోసం వేసిన తేలే వలల్లో 1990ల మొదట్లో పడ్డ మొత్తం సరుకులో 70 శాతం పైగా సన్‌ఫిష్‌లే ఉన్న సీజన్లున్నాయి. ఎవరూ కోరుకోని చేప, అయినా పట్టులో సింహభాగం అదే. యూరోపియన్ యూనియన్ 2002 నుంచి అలాంటి వలల్ని నిషేధించింది, దానికి ఇతర కారణాలూ ఉన్నాయి. ప్రపంచ ప్రకృతి పరిరక్షణ సంఘం ఐయూసీఎన్ మోలా మోలాని ‘ముప్పు పొంచి ఉన్న’ జాబితాలో పెట్టింది ప్రధానంగా ఈ అనుకోని పట్టుబడుల వల్లే. జెల్లీఫిష్‌కీ తేలే పాలిథిన్ కవరుకీ తేడా తెలియక మింగడం ఇంకో ప్రమాదం. వరద గోదావరి సముద్రంలోకి మోసుకుపోయే చెత్తలో ఆ కవర్లకి కొదవ లేదు. హోప్ ఐలాండ్, సఖినేటిపల్లి వైపు గుడ్లు పెట్టడానికొచ్చే ఆలివ్ రిడ్లే తాబేళ్లకీ ఇదే తంటా.

తినొచ్చా అన్న ప్రశ్న తప్పకుండా వస్తుంది. తైవాన్‌లో హువాలియెన్ ప్రాంతంలో దీన్ని తింటారు, జపాన్‌లో కొన్నిచోట్ల తింటారు. యూరోపియన్ యూనియన్ మాత్రం విషపు పఫర్ చేపలతో కలిపి మొత్తం ఈ కుటుంబం అమ్మకాన్నే నిషేధించింది. పఫర్ చేపల్లో ఉండే టెట్రోడోటాక్సిన్ ఎంత ఉడికించినా పోదు, మనిషిని చంపేయగలదు. సన్‌ఫిష్‌లో ఆ విషం ఉందనడానికి గట్టి రుజువు లేదు గానీ, దాని చుట్టాల సంగతి తెలిసీ, ఎలా కోయాలో తెలిసిన చేతులు ఇక్కడ లేకుండా, పులుసు పెట్టుకుని ప్రయోగం చేయడం దండగ టెన్షన్. ఒంటి నిండా పురుగులూ, ఒంట్లో ఎక్కువ భాగం నీరూ ఉన్న చేపకి ఆ సాహసం అక్కర్లేదు కూడా.

వదిలేయడమే నయం, వదిలితే బతికే అవకాశమూ బాగానే ఉంటుంది. కాలిఫోర్నియా తేలే వలల్లో పడ్డవాటిలో అత్యధిక భాగం బతికుండగానే తిరిగి నీళ్లలోకి వెళ్లాయి. మొప్పల రంధ్రంలోకి కొక్కెం వేసి ఈడ్చకుండా, వీలైతే బోటులోకి ఎక్కించకుండానే వల కోసి వదిలేయాలి. వల నష్టం చిన్నదేం కాదు, నిజమే. కాకపోతే టన్ను బరువున్న చేప గింజుకుంటే అటూ ఇటూ వల ఎలాగూ చిరుగుతుంది.

అసలు ఏ సన్‌ఫిష్?

ఈ కుటుంబంలో ఇప్పుడు గుర్తించినవి ఐదు జాతులు. వార్తల్లో అన్నిటినీ ‘మోలా మోలా’ అనేస్తారు, తప్పు అక్కడే మొదలవుతుంది. క్లేవస్ అంచు అలలు అలలుగా వంపులు తిరిగి ఉంటే మోలా మోలా. అంచు దాదాపు గుండ్రంగా ఉండి, పెద్ద చేపల్లో నుదురు, గడ్డం ఉబ్బెత్తుగా ఉంటే మోలా అలెగ్జాండ్రిని. అంచు మధ్యలోంచి ఒక మొన తోకలా పొడుచుకొస్తే మాస్ట్యురస్ లాన్సియోలేటస్, పైన చెప్పిన మొనతోక సన్‌ఫిష్ ఇదే. ఒళ్లు గుండ్రంగా కాక పొడుగ్గా, మీటరు లోపే ఉంటే రంజానియా. ఐదోది మోలా టెక్టా, శాస్త్రవేత్తల కళ్లుగప్పి 2017 దాకా పేరే లేకుండా తిరిగింది, దానిది ప్రధానంగా దక్షిణార్ధగోళంలోని చల్లటి నీళ్లు.

నిపుణులూ పొరబడ్డ సందర్భాలున్నాయి. 1996లో జపాన్‌లో కమొగావా దగ్గర పట్టిన 2,300 కిలోల చేపని చాలా ఏళ్లు మోలా మోలాగానే రికార్డుల్లో రాశారు, అది అలెగ్జాండ్రిని అని 2018లో తేల్చారు. 2021 డిసెంబరులో అజోర్స్ దీవుల్లో ఫైయాల్ దగ్గర చచ్చి తేలిన అలెగ్జాండ్రిని 2,744 కిలోలు తూగి, ఎముకలున్న చేపల్లో ఇప్పటిదాకా తూచినవాటిలో అతి బరువైనదిగా నిలిచింది. తిమింగలసొర ఇంతకంటే చాలా పెద్దదే గానీ, దాని అస్థిపంజరం మొత్తం మృదులాస్థి కాబట్టి ఆ లెక్క వేరు.

రేవులో ఫొటో తీసేవాళ్లు మామూలుగా చేప ముందు నిలబడి మొహం కనపడేలా తీస్తారు, జాతిని పట్టిచ్చే వెనక అంచు మనుషుల కాళ్ల వెనక ఉండిపోతుంది. పక్కనుంచి మొత్తం ఒళ్లు ఒకటి, క్లేవస్ అంచు దగ్గరగా ఒకటి, నుదురూ గడ్డం కనపడేలా ఒకటి తీసి విశాఖలోని సీఎంఎఫ్ఆర్ఐ (కేంద్ర సముద్ర మత్స్య పరిశోధన సంస్థ) కేంద్రానికో, మత్స్యశాఖ వాళ్లకో పంపితే ఏ జాతో చెప్పడం తేలిక. కొలిచేటప్పుడు మూతి నుంచి వెనక అంచు దాకా ఒక కొలత, పై రెక్క కొస నుంచి కింది రెక్క కొస దాకా ఇంకో కొలత, రెండూ తీసుకోవాలి. ఫైయాల్ చేపలో మొదటిది 3.25 మీటర్లు, రెండోది 3.59.